తీర్పు తర్వాతి పిటిషన్లు చిల్లర పని కాదు

ప్రశ్న: మా అమ్మాయి లా చదివి నల్లగొండలో ఒక సీనియర్ వకీలు దగ్గర చేరింది. ఏడాదైనా కొత్త దావా ఒక్కటీ చేతికివ్వలేదు. తీర్పు వచ్చేసిన కేసుల్లో ఈపీలు (తీర్పు అమలు చేయించమనే పిటిషన్లు), ఐఏలు (కేసులో భాగంగా వేసే చిన్న దరఖాస్తులు) రాయిస్తున్నారు. మాన్పించి హైదరాబాద్‌లో జూనియర్ సివిల్ జడ్జి కోచింగ్‌కు పంపాలా, కంపెనీలో చేర్పించాలా? - ఒక తండ్రి, దేవరకొండ

జవాబు: మీ అసలు బెంగ కోచింగ్ గురించి కాదు, పిల్ల కాలం వృథా అవుతోందేమోనని. కావట్లేదు. దావా గెలిచినంత మాత్రాన భూమి చేతికి రాదు, బాకీ వసూలు కాదు. గెలిచిన కక్షిదారుకు దక్కాల్సింది ఈపీలోనే దక్కుతుంది.

భూమి స్వాధీనం కోసం వేసే ఈపీనే చూడండి. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో ఆర్డర్ 21 రూల్ 11 ప్రకారం దావా నంబరు, డిక్రీ (తీర్పును అమలు చేసేందుకు కోర్టు ఇచ్చే ఉత్తర్వు) తేదీ, అప్పీలు ఉందా లేదా, ఇప్పటిదాకా ఏమైనా ముట్టిందా, కోర్టు ఏ సాయం చేయాలి, అన్నీ నింపాలి. డిక్రీకి రెండేళ్లు దాటితే ఎదుటి పక్షానికి రూల్ 22 నోటీసు కావాలి. షెడ్యూలులో, అంటే ఆస్తి వివరాల పట్టికలో, సర్వే నంబరు 112/అ ఉండాల్సిన చోట 112/ఆ పడిందా, అమీన్ (స్వాధీనం ఇప్పించే కోర్టు ఉద్యోగి) పొలం దాకా వెళ్లి, రిపోర్టు రాసి తిరిగొస్తాడు. టైపు తప్పయితే ముందు సెక్షన్ 152 కింద డిక్రీ సరిచేయించుకోవాలి. పంపకాల దావాలో ఎవరి వాటా ఎంతో తేల్చే ప్రిలిమినరీ డిక్రీ రాగానే స్వాధీనానికి ఈపీ వేసేవాళ్లూ ఉన్నారు. ఫైనల్ డిక్రీ పిటిషన్ వేసి, వాటాలు హద్దులతో విడదీయించుకోకుండా అది నిలవదు.

గడువులు మరీ కఠినం. ఎక్స్‌పార్టీ డిక్రీ (ప్రతివాది రాకుండానే ఇచ్చింది) రద్దుకు 30 రోజులు. దాటినా లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 కింద ఆలస్యం మాఫీ అడగొచ్చు. ఆర్డర్ 21 పిటిషన్లకు ఆ సెక్షన్ వర్తించదు. ఈపీలో జరిగిన కోర్టు వేలం రద్దుకు 60 రోజులు దాటాక వెళ్తే, ఎంత మంచి కారణమున్నా వినరు. ఈ తేడా తెలియని జూనియర్ వల్ల కక్షిదారు ఇల్లు పోతుంది. మీ అమ్మాయి అది ఇప్పుడే నేర్చుకుంటోంది.

ఇక కోచింగ్. అందరూ పోతున్నారు గనుక మనమూ పోదామన్న ఈ దారి మీద నాకు గట్టి అనుమానాలున్నాయి. 2025 మే 20న సుప్రీంకోర్టు జూనియర్ సివిల్ జడ్జి పోస్టుకు మూడేళ్ల ప్రాక్టీసు మళ్లీ తప్పనిసరి చేసింది. ఇప్పుడు మాన్పిస్తే ఆ లెక్క అక్కడే ఆగిపోతుంది. రేపు బెంచి మీద కూర్చుంటే ఆమె ముందుకొచ్చేవి ఈ ఈపీలే. హాస్టల్ గదిలో బట్టీపట్టిన సెక్షన్లతో జప్తు పిటిషన్ మీద ఆర్డరు రాయలేరు. పుస్తకాలు సాయంత్రం ఇంట్లోనూ చదవొచ్చు. కంపెనీ కొలువులో జీతం నెలనెలా వస్తుంది, నిజమే; కానీ అక్కడ ఎక్కువగా ఒప్పందాల పని, కోర్టు హాలు దూరమవుతుంది.

ఒక్క మాట కఠినంగానే చెప్తాను. పక్కింటి సాఫ్ట్‌వేర్ పిల్లాడి జీతంతో పోల్చి, రోజూ 'ఎంత తెచ్చావు' అని అడగడం మానండి. సివిల్ ప్రాక్టీసులో మొదటి రెండు మూడేళ్లు బస్ చార్జీలు కూడా మీరే పెట్టాల్సి రావచ్చు. లా చదివించేటప్పుడే ఇది లెక్కలో ఉండాల్సింది. పిల్ల దారి తప్పలేదు, తొందరపడుతున్నది మీరే.

ఒకటి మాత్రం కనుక్కోండి: తను రాసిన పిటిషన్ మీద కోర్టులో తననే మాట్లాడనిస్తున్నారా? పిటిషన్ రిటర్న్ అయి వచ్చినప్పుడు కోర్టు ఆఫీసు అభ్యంతరాలకు జవాబు తనే రాస్తోందా? ఇంకో ఆరు నెలలకూ కట్టలు మోయడమే పనైతే నల్లగొండలోనో మిర్యాలగూడలోనో వేరే సీనియర్‌ను చూసుకోమనండి.