సంచీ పారేయకు అల్లుడూ

చిరంజీవి అల్లుడికి,

నీ ఫోన్ వచ్చాక రాత్రంతా నిద్ర పట్టలేదు. హత్య కేసులో నీ తమ్ముడు చిన్నోడికి యావజ్జీవం వేశారని చెప్పి నువ్వు ఇంకేం మాట్లాడలేకపోయావు. నాకూ నోరు పెగల్లేదు. ఇవన్నీ ఫోన్లో చెప్తే సగం చెవికెక్కవు, అందుకే కూర్చుని రాస్తున్నా. మా చెల్లికి చదివి వినిపించు. కటువుగా ఉన్నచోట నువ్వే సర్దిచెప్పు.

నలభై ఏళ్లు ప్లీడర్ల దగ్గర గుమాస్తాగా చేసినవాణ్ణి. 'మావాడు ఆ పని చెయ్యలేదు' అన్న మాట ఎన్నిసార్లు విన్నానో లెక్కలేదు. అన్నవాళ్లందరూ నిజం చెప్పలేదు. నీ మాట నేను నమ్ముతున్నాను, కానీ నా నమ్మకాన్ని హైకోర్టులో ఎవరూ ఎగ్జిబిటుగా, అంటే సాక్ష్యంగా, తీసుకోరు. అక్కడ కొత్తగా సాక్షుల్ని పిలవడం దాదాపు ఉండదు. కింది కోర్టులో ఎవరేం చెప్పారు, ఏ కాగితం మీద ఏం రాసుంది, అంతే. కాబట్టి ఇప్పుడు నీ పని ఏడవడం కాదు, కాగితాలు పోగెయ్యడం.

ఈ సంగతి నేను ఎలా నేర్చుకున్నానో చెప్తా. ఇంతవరకూ ఇంట్లో ఎవరికీ చెప్పలేదు.

గుంటూరు మిర్చి యార్డులో హమాలీగా చేసే పందొమ్మిదేళ్ల కుర్రాడు ఒకడు మా ప్లీడరుగారి క్లయింటు. ఊళ్లో పొలం తగాదాలో హత్య జరిగితే ఎఫ్ఐఆర్‌లో వీడి పేరు కూడా ఇరికించారు. ఆ రాత్రి వాడు యార్డులో లోడింగ్‌లో ఉన్నాడు. వాళ్లమ్మ ఎరువుల బస్తాతో కుట్టిన సంచీ ఒకటి పట్టుకొచ్చింది. అందులో రేషన్ కార్డు, రెండు ఫొటోలు, మేస్త్రీ దగ్గర బతిమాలి తెచ్చిన చిన్న లెక్కల పుస్తకం. ఏ రాత్రి ఎవరు ఎన్ని టిక్కీలు, అదే మిర్చి బస్తాలు, ఎత్తారో పేరుపేరునా రాసుంది. వీడి పేరు పక్కన నలభై రెండు. ఆ అంకె నాకు ఇంకా కళ్లముందుంది. ఆ రోజు పని ఎక్కువై 'రేపు చూద్దాంలే అమ్మా' అని సంచీ బల్ల కింద తోశాను. వానాకాలం, ఆఫీసు కప్పు కారేది. పది రోజుల తరవాత తీస్తే సిరా అంతా పాకిపోయి నీలం మరక మిగిలింది. విచారణ మొదలయ్యేసరికి మేస్త్రీ చనిపోయాడు. కుర్రాడికి యావజ్జీవం పడింది. ఏడేళ్లకి హైకోర్టు వేరే కారణాల మీద ఆ శిక్ష కొట్టేసింది. బయటికొచ్చాక తల్లీకొడుకులు రెండు కేజీల ఎండుమిర్చి తెచ్చి మా ఇంట్లో ఇచ్చి వెళ్లారు. సంచీ సంగతి వాళ్లకి చెప్పే ధైర్యం నాకు లేకపోయింది.

అందుకని చెప్తున్నా, ఇంట్లో ఉన్న ఏ చీటీ పారేయకు. ఆస్పత్రి ఓపీ చీటీ, బస్సు టికెట్టు, ఫోన్ రీఛార్జి, కూలి లెక్క, కాలేజీ హాజరు, చిన్నోడి పాత ఫోను, అన్నీ. పనికొస్తుందో రాదో తేల్చేది నువ్వు కాదు. కోర్టు నుంచి తీర్పు నకలు వాడికి ఉచితంగా ఇవ్వాలి, అది వాడి హక్కు. చార్జిషీటు, సాక్షుల వాంగ్మూలాలు, పోస్టుమార్టం రిపోర్టు, మధ్యవర్తుల ముందు పోలీసులు రాసిన పంచనామాలు, కోర్టులో సాక్షులు చెప్పినదంతా సర్టిఫైడ్ కాపీలు తీయించు. ఒక్కోటి రెండు సెట్లు.

'కోర్టులో ఉన్నాయిగా మామయ్యా' అనకు. మన జిల్లాలోనే చూశాం కదా. 2007 డిసెంబరులో విజయవాడ దగ్గర ఇబ్రహీంపట్నం హాస్టల్లో ఫార్మసీ చదివే అమ్మాయిని చంపేశారు. ఆ బిడ్డ పేరు రాయను, నీకు తెలుసు. 2008లో నందిగామ దగ్గర అనాసాగరం కుర్రాడు సత్యంబాబుని పట్టుకొచ్చారు. 2010 సెప్టెంబరులో విజయవాడ మహిళా కోర్టు వాడికి శిక్ష వేసింది. జైల్లో ఉండగా నరాల జబ్బు పట్టి నడవలేని స్థితికి వచ్చాడు. 2017 మార్చి 31న ఉమ్మడి హైకోర్టు నిర్దోషి అంది, లక్ష రూపాయలు పరిహారం ఇమ్మంది. రాజమండ్రి జైలు నుంచి బయటికొచ్చేసరికి ఎనిమిదేళ్లు దాటాయి. 2018లో హైకోర్టు మళ్లీ దర్యాప్తు చెయ్యమని కేసు సీబీఐకి ఇచ్చింది. తీరా చూస్తే కింది కోర్టులో భద్రంగా ఉండాల్సిన ఆ కేసు వస్తువుల్ని అప్పీలు తేలకముందే ధ్వంసం చేసేశారని బయటపడింది. అంత పెద్ద కేసుకే ఆ గతి పట్టింది.

ఆ కేసులో ఇంకో సంగతి ఉంది, మా చెల్లికి ప్రత్యేకంగా చెప్పు. ఆ అమ్మాయి కన్నతల్లి మొదటి నుంచీ 'సత్యంబాబు కాదు, అసలువాళ్లని పట్టుకోండి' అంటూనే ఉంది. చనిపోయినవాడి ఇంటివాళ్లు మనకి శత్రువులు కారు. వాళ్ల బిడ్డ పోయాడు. వీధిలో ఎదురైనప్పుడు మొహం తిప్పుకోకండి, శాపనార్థాలు పెట్టకండి. వాళ్లకి నచ్చజెప్పడానికి మనిషిని పంపడం అసలే వద్దు, సాక్షుల్ని బెదిరించారని ఇంకో కేసు పడుతుంది.

సరే, కాపీలు చేతికొచ్చాక నువ్వే ఒకసారి మొత్తం చదువు. లాయరుగారికి ఇరవై కేసులుంటాయి, నీకు ఒక్కటే. పోలీసుల ముందు ఒప్పుకున్నాడన్న మాట కోర్టులో చెల్లదు. కానీ ఆ మాటవల్ల ఫలానా వస్తువు దొరికింది అంటే అంతవరకు చెల్లుతుంది. అందుకే మన హత్య కేసుల్లో ఎప్పుడూ ఒక కత్తి ఏదో ముళ్లపొదలో దొరుకుతూ ఉంటుంది. ఆ పంచనామా మీద సంతకం పెట్టిన మధ్యవర్తులెవరు, ఏ ఊరువాళ్లు, స్టేషనుకి ఎదురుగా టీ కొట్టువాడా? వాంగ్మూలం తీసుకున్న తేదీకీ, అది కోర్టుకి చేరిన తేదీకీ ఎంత తేడా ఉంది? నోట్సు పుస్తకంలో రాసుకో.

నాసిక్ కేసు గుర్తుంచుకో. 2003లో అక్కడ ఒక కుటుంబం మీద దాడి జరిగింది, హత్యలు, అత్యాచారం. సంచార జాతి కూలీలు ఆరుగురిని పట్టుకున్నారు. 2009లో సుప్రీంకోర్టు కూడా ఆరుగురికీ ఉరే అంది. వాళ్లలో ఒకడు నేరం జరిగిన నాటికి మైనరు. పదేళ్ల తరవాత, 2019 మార్చిలో అదే సుప్రీంకోర్టు ఆరుగురూ నిర్దోషులంది, తలా ఐదు లక్షలు ఇమ్మంది. కారణం ఏమిటనుకున్నావు? గాయాలతో బతికిన సాక్షి మొదట్లోనే పోలీసులు చూపించిన పాత నేరస్తుల ఫొటోల్లో వేరే నలుగురిని గుర్తుపట్టింది. ఆ నలుగురిని ఎవరూ పట్టుకోలేదు. అందరూ దాటేసిన కాగితం అది.

వయసు సంగతి. ఇది నాకు మొన్న రాత్రే తట్టింది, లేచి లైటు వేసుకుని లెక్కేశా. గొడవ జరిగింది సంక్రాంతికి ముందు. చిన్నోడి ఆధార్‌లో పుట్టిన తేదీ జనవరి 1 అనుంది. మనూళ్లో సగం మందికి అదే తేదీ, రాసినవాడి పుణ్యం. కానీ వీడు పుట్టింది సంక్రాంతి వెళ్లాక, పురుడికి మా ఆవిడే వచ్చింది. అంటే ఆ రోజుకి వాడికి పద్దెనిమిది నిండలేదు! మైనరన్న వాదన ఏ కోర్టులోనైనా, ఏ దశలోనైనా తేవచ్చు, శిక్ష పడ్డాక కూడా. మొదట చూసేది స్కూలు సర్టిఫికెట్టు, పదో తరగతిది, అది లేకపోతే పంచాయతీ జనన రికార్డు. ఏదీ లేకపోతేనే ఎముకల పరీక్ష. పుణె కేసులో ఉరిశిక్ష పడ్డ ఒక రాజస్థాన్ మనిషికి నేరంనాటికి పన్నెండేళ్లేనని 2023లో సుప్రీంకోర్టు తేల్చి వదిలేసింది. అప్పటికి 28 ఏళ్లు జైల్లో ఉన్నాడు. కేసులో పేరు నారాయణ్, స్కూలు రిజిస్టరులో నిరానారామ్. ఆ ఇద్దరూ ఒకరేనని తేలేసరికి జీవితం అయిపోయింది. అది నిర్దోషి తీర్పు కాదులే, కానీ రిజిస్టరు ఎంత పని చేస్తుందో చూడు. సోమవారం పొద్దున్నే ఎలిమెంటరీ స్కూలుకి వెళ్లి అడ్మిషన్ రిజిస్టరు నకలుకి దరఖాస్తు పెట్టు. వాడి పేరు స్పెల్లింగు అన్నిచోట్లా ఒకటేనా చూడు.

అప్పీలుకి గడువు అరవై రోజులు. నకలు రావడానికి పట్టిన రోజులు అందులోంచి తీసేస్తారు, అయినా ఆ ధీమాతో ఉండకు. అప్పీలుతోపాటే శిక్ష నిలిపి బెయిలు ఇవ్వమని పిటిషను కూడా వెయ్యాలి. మొదటిసారి కొట్టేసినా కొన్నాళ్లాగి మళ్లీ వెయ్యొచ్చు.

పొలం మాత్రం అమ్మకండి. జైల్లో ఉన్నవాడికి ఆదాయంతో పనిలేకుండా ఉచిత లాయర్ని ఇవ్వాలని 1987 లీగల్ సర్వీసెస్ చట్టమే చెప్తోంది. హైకోర్టు లీగల్ సర్వీసెస్ కమిటీకి జైలు సూపరింటెండెంటు ద్వారా దరఖాస్తు పెట్టొచ్చు, 15100కి ఫోన్ చేసినా దారి చెప్తారు. ఉచితం కదా అని తీసిపారేయకు. వాళ్లలో ప్రాణం పెట్టి వాదించినవాళ్లని చూశాను, లక్షలు తీసుకుని వాయిదాకి రానివాళ్లనీ చూశాను. 'జడ్జిగారు మనవాడే, ఇంత పెడితే పనైపోతుంది' అనేవాడు ఎవడైనా ఇంటికొస్తే మంచినీళ్లిచ్చి పంపెయ్.

జైల్లో వాణ్ణి చూడ్డానికి ములాఖత్‌కి వెళ్లేముందు ఏం మాట్లాడాలో చీటీ రాసుకో. ఉన్న కాసేపూ ఏడుపుతోనే అయిపోతుంది. మా చెల్లిని మొదటిసారి తీసుకెళ్లకు, రెండోసారి తీసుకెళ్లు. వాడికి ఉత్తరాలు రాయమను. ఆ రోజు పొద్దున్నుంచీ ఏం చేశాడో, ఎవరెవరు కనిపించారో గుర్తున్నంతవరకూ రాయమను. లోపల ఓపెన్ యూనివర్సిటీ చదువుంటే చేరమను. ఖాళీగా కూర్చుంటే మనిషి లోపల్నించి పుచ్చిపోతాడు.

నిజం నిలకడమీద తెలుస్తుంది అంటారు. ఆ నిలకడ మూడేళ్లు కావచ్చు, ఎనిమిదేళ్లు కావచ్చు, నీకు అబద్ధం చెప్పను. గెలిచినా సర్కారు దానంతటది డబ్బివ్వదు. తప్పుడు కేసులో జైలుపాలైనవాళ్లకి పరిహారం కోసం చట్టం చెయ్యాలని 2018లో లా కమిషన్ 277వ నివేదిక ఇచ్చింది, చట్టం మాత్రం రాలేదు. కోర్టు దయతలిచి ఇచ్చిందే.

వాడు బయటికొచ్చిన రోజు సంగతి ఆ రోజు మాట్లాడుకుందాం. ఒక్కటి మాత్రం చెప్పి ఆపుతా. ఆ మిర్చి యార్డు కుర్రాడు వచ్చిన కొత్తలో తలుపు తనంతట తాను తీసేవాడు కాదట, ఎవరో వచ్చి తీసేదాకా గుమ్మం దగ్గర నిలబడేవాడట. అప్పుడు నవ్వకండి, తొందరపెట్టకండి.

శనివారం పొద్దున పల్లెవెలుగులో వస్తున్నా. నేనొచ్చేదాకా ఏ కాగితం మీదా ఎవరికీ సంతకం పెట్టకు. ట్రంకు పెట్టె ఒకటి కొనుంచు, తాళంతో సహా. సంచీ వద్దు.

ఆశీస్సులతో,
మీ మామయ్య