బాబీ ఓర్ 30 ఏళ్లకే ఐస్ హాకీ ఎందుకు వదిలేయాల్సి వచ్చింది?

కారణం ఎడమ మోకాలు. కెనడాలోని ఆంటారియోలో 1948లో పుట్టిన ఓర్, 18 ఏళ్లకే ఉత్తర అమెరికా ఐస్ హాకీ లీగ్ ఎన్‌హెచ్‌ఎల్‌లోని బోస్టన్ బ్రూయిన్స్ జట్టుకు ఆడడం మొదలుపెట్టాడు. ఆ తొలి సీజన్‌లోనే మోకాలు దెబ్బతింది.

మోకాలి దెబ్బల్లో తరచూ చిరిగేది మెనిస్కస్, అంటే తొడ ఎముకకూ కాలి ఎముకకూ మధ్య దిండులా ఉండే మృదులాస్థి. ఇప్పుడైతే చిన్న రంధ్రంలోంచి కెమెరా పంపి, చిరిగిన ముక్క వరకే తీస్తారు, వీలైతే కుట్టేస్తారు. అప్పట్లో మోకాలు కోసి, మెనిస్కస్‌ను దాదాపు మొత్తంగా తీసేయడమే మామూలు. దిండు పోయాక ఎముకలు ఒకదానికొకటి రాసుకుని అరిగిపోతాయి. శస్త్రచికిత్స మీద శస్త్రచికిత్స చేసినా అరిగింది తిరిగి రాదు.

పైగా అతని ఆట తీరే మోకాలికి పరీక్ష. డిఫెన్స్‌లో వెనక్కి జారుతూ, పక్ (బంతికి బదులు వాడే రబ్బరు బిళ్ల) దొరకగానే గిరుక్కున తిరిగి అవతలి గోల్ దాకా దూసుకెళ్లేవాడు. ఆ తిరుగుడులో ఒంటి బరువంతా ఒక్క స్కేట్ అంచు మీద పడుతుంది. బ్లేడు మంచును పట్టేసి పాదం కదలకపోతే, మెలిక నేరుగా మోకాలికే.

ఆ కాలితోనే 1970-71లో 139 పాయింట్లు (కొట్టిన గోల్స్, అందించిన గోల్స్ కలిపి), ఉత్తమ డిఫెన్స్ ఆటగాడికిచ్చే నోరిస్ ట్రోఫీలు వరుసగా 8, 1970, 1972లలో లీగ్ విజేత జట్టుకిచ్చే స్టాన్లీ కప్పులు! డిఫెన్స్ ఆటగాడై ఉండి లీగ్ పాయింట్ల పట్టికలో రెండుసార్లు మొదటి స్థానంలో నిలిచింది ఇతనొక్కడే. నా దృష్టిలో అన్నిటికన్నా పెద్ద ఘనత అదే.

1976లో షికాగో జట్టుకు మారాక ఆడింది 26 మ్యాచ్‌లే. 1978లో తప్పుకున్నాడు. ఆట మానేశాక ఉండే మామూలు నిరీక్షణ గడువును పక్కనపెట్టి 1979లోనే హాకీ దిగ్గజాలను గౌరవించే హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేర్చారు.