ఆసక్తి వేరు, ఉద్దేశం వేరు

సందేహం: పని విషయంలో ‘ప్యాషన్’, ‘పర్పస్’ ఒకటి కావంటున్నారు. తెలుగులో వాటిని ‘ఆసక్తి’, ‘ఉద్దేశ్యం’ అనవచ్చా?

సమాధానం: ముందు ఆ యవత్తు తీసేయండి. మనసులో అనుకున్నది ఉద్దేశం. ఉద్దేశ్యం వ్యాకరణంలో విధేయానికి జోడు మాట: వాక్యంలో దేని గురించి చెబుతున్నామో అది ఉద్దేశ్యం, దాని గురించి చెప్పేది విధేయం. చదువుకున్నవాళ్లు కూడా ‘నా ఉద్దేశ్యం ఏమిటంటే’ అని రాస్తుంటే బాధగా ఉంటుంది. ‘ఆసక్తి’ని ‘ఆశక్తి’ అని రాసేవాళ్లు సరేసరి.

ఇక ఆసక్తి. ‘సంజ్’ ధాతువుకు అంటుకోవడం అని అర్థం. సంగం, ప్రసక్తి, ప్రసంగం అన్నీ దాని సంతానమే. కాబట్టి ఆసక్తి అంటే పట్టుకుని వదలకపోవడం. ఈనాడు అది ‘కాస్త ఇష్టం’ స్థాయికి పలచబడింది. దాని అసలు బలం చూడాలంటే భగవద్గీత 3వ అధ్యాయం 25వ శ్లోకం చదవాలి:

సక్తాః కర్మణ్యవిద్వాంసో యథా కుర్వంతి భారత
కుర్యాద్విద్వాంస్తథాసక్తశ్చికీర్షుర్లోకసంగ్రహమ్

‘తథాసక్తః’ దగ్గర చాలామంది తడబడతారు. అక్కడున్నది తథా + అసక్తః. ‘ఆసక్తః’ అని విడదీసినా సవర్ణదీర్ఘమే వస్తుంది గానీ అర్థం తలకిందులవుతుంది. అవిద్వాంసుడు పనిని అంటిపెట్టుకుని చేస్తాడు. విద్వాంసుడు అంటకుండా, లోకసంగ్రహం, అంటే నలుగురి మేలు, కోరి చేస్తాడు. ‘తథా’ అన్నారు కనుక ఇద్దరి శ్రమలో తగ్గుదల లేదు. పైగా ‘చికీర్షుః’ అంటే చేయగోరేవాడు. అంటే విద్వాంసుడికీ కోరిక ఉంది. అది పనిమీద కాక, పనివల్ల నలుగురికి జరిగే మేలుమీద నిలిచింది. మీరడిగిన తేడా ఇంత సూటిగా చెప్పిన శ్లోకం నాకు మరొకటి కనబడలేదు.

వాడుకలో తేల్చుకోవడానికి విభక్తి చాలు. ‘బొమ్మలమీద ఆసక్తి, మక్కువ’ అంటాం. ‘బొమ్మలమీద ఉద్దేశం, ధ్యేయం’ అనలేం. ‘బొమ్మలతో పిల్లలకు లెక్కలు నేర్పడం ధ్యేయం’ అనాలి. ధ్యేయం క్రియను కోరుతుంది.

ఈ రెంటికీ వాడే మిగతా మాటలు చూస్తే, అభిరుచి మరీ మెత్తన. వ్యసనంలో చెడు ధ్వని ఉంది. లక్ష్యం గురిపెట్టి కొట్టేది, అందగానే తీరిపోతుంది. ప్రయోజనం చివరికి చేతికొచ్చే ఫలం.

‘ప్యాషన్’కు నా ఓటు ‘తపన’కే. ‘తప్’ ధాతువులోని వేడి అందులో ఇంకా చల్లారలేదు. అయితే ‘సాయం చేయాలన్న తపన’ అన్నప్పుడు అది ఉద్దేశం వైపూ ఒరుగుతుంది కనుక, అన్నిచోట్లా అదే వాడమని పట్టుబట్టను. ‘పర్పస్’కు, ఒక్క పని సంగతైతే ఉద్దేశం, బతుకంతటికీ సంబంధించినదైతే ధ్యేయం.