కాగితపు కోస్టర్లు ఉబ్బకుండా, గ్లాసుకు అంటుకోకుండా ఉండాలంటే

పాత వార్తాపత్రికలను చుట్టి చేసిన కోస్టర్లు, అంటే గ్లాసు కింద పెట్టే బిళ్లలు, నెల తిరగకుండానే ఉబ్బిపోతున్నాయని, నడుమ భాగం పైకి లేస్తోందని మీరు అడిగారు. విజయనగరంలో మా ఇంట్లో నాలుగేళ్లుగా వీటిని చేస్తున్నాను. ఆ రెండు ఇబ్బందులూ, మీరు అడగని మూడవది కూడా నాకు ఎదురయ్యాయి.

ఆ మూడవదే ముందు చెబుతాను. దసరా వెళ్లిన తర్వాతి మంగళవారం జరిగే పైడితల్లి సిరిమానోత్సవానికి చుట్టాలు వస్తారని ఒక ఏడు పన్నెండు కోస్టర్లు చేసి, పైన ఫెవికాల్ ఒక్కటే పూసి, అద్దంలా మెరుస్తున్నాయని మురిసిపోయాను. మా ఆడపడుచు వేడి టీ ఉన్న స్టీలు గ్లాసు ఎత్తగానే కోస్టరు కూడా దాని అడుగుకు అంటుకుని లేచి, నోటి దాకా వెళ్లకముందే ఊడి ఆమె కుచ్చిళ్ల మీద పడింది. చల్లటి నీళ్ల గ్లాసులు పెట్టినవాటి మీద తెల్లటి వలయాలు మిగిలాయి. ఫెవికాల్ ఆరాక గాజులా కనిపించినా తడికి తెల్లబడుతుంది, వేడికి మెత్తబడుతుంది. అది అతికించడానికే గాని, పైపూతగా పనికిరాదు.

ఇక చుట్టడం. వార్తాపత్రికలో ఒక పేజీని నిలువుగా రెండుగా చింపి, ఒక్కొక్క ముక్కను సెంటీమీటరు వెడల్పు వచ్చేదాకా మడతపెట్టి, వేలిగోటితో గట్టిగా అదమాలి. పేజీ నిలువుగా తిన్నగా చిరుగుతుంది, అడ్డంగా చింపితే వంకరపోతుంది. కాగితపు పీచు నిలువుగా ఉండటమే కారణం. మొదటి పట్టీని చీపురు పుల్ల చుట్టూ తిప్పి, పుల్ల తీసేసి, పట్టీ చివర మరో పట్టీని అతికిస్తూ పోతే పది సెంటీమీటర్ల బిళ్లకు నాకు పన్నెండు పట్టీల దాకా పడతాయి. మైదా జిగురు చవకే అయినా మన వానాకాలపు చెమ్మకు బూజు పడుతుంది, పురుగు కూడా తింటుంది. అందుకే పుస్తకాలు కుట్టేవారు అందులో మైలుతుత్తం (కాపర్ సల్ఫేట్) కలుపుతారు. అది విషం కనుక తినే బల్ల మీద పెట్టే వస్తువుకు వద్దు.

నడుమ లేవడానికి కారణం బిగువులో తేడా. మొదట వదులుగా చుట్టి, అంచుకు వచ్చేసరికి బలంగా లాగితే బయటి చుట్లు లోపలివాటిని పైకి నెడతాయి. చుట్టడం పూర్తయ్యాక రెండు ప్లాస్టిక్ కాగితాల మధ్య ఉంచి, పైన సన్నికల్లు పెట్టి ఒక రాత్రి వదిలేయండి. ప్లాస్టిక్ మరిచిపోతే మర్నాడు సన్నికల్లు కడుక్కోవలసి వస్తుంది.

ఉబ్బడానికి కారణం తడి, అది ఎక్కువగా అడుగు నుంచే ఎక్కుతుంది. చాలామంది పైభాగానికే పూత వేసి ఊరుకుంటారు. నేను నీళ్లు కలిపిన ఫెవికాల్‌ను పైన, కింద, అంచు చుట్టూ ఒకసారి పూసి, పూర్తిగా ఆరాక చెక్క సామానుకు వేసే రంగులేని వార్నిష్‌ను పలుచగా మూడు పూతలు వేస్తాను. పూతకూ పూతకూ మధ్య ఒక రోజు ఆగుతాను. ముసురు పట్టిన రోజున వార్నిష్ వేస్తే పైన మంచు కమ్మినట్టు మసకబారుతుంది కాబట్టి, వాన వెలిసి ఎండ కాసేదాకా ఆగడమే మంచిది. చేతికి జిగట తగలకపోయినా వారం దాకా వేడి గ్లాసు పెట్టకండి.

అలంకరణ మీ ఇష్టం. నేను బయటి మూడు చుట్లకు పాత క్యాలెండరు రంగు కాగితం వాడి, పైన తెల్ల రంగుతో చిన్న చుక్కల ముగ్గు వేస్తాను. ఎర్రమట్టి రంగు మీద సవర గిరిజనుల తెల్లని బొమ్మలు వేస్తే ఎంతో అందంగా ఉంటుందని ఒకరు సలహా ఇచ్చారు గాని, అవి ఆ గిరిజనులు దేవతల కోసం, పెద్దల కోసం గోడల మీద వేసుకునేవి. వాటిపై ఎంగిలి గ్లాసు పెట్టడానికి నాకు మనసొప్పలేదు.

ఇప్పటికే ఉబ్బిన మీ కోస్టర్లను ఎండబెట్టి, మళ్లీ బరువు కింద పెట్టి చూడండి. నడుమ లేచినవి దారికి రాకపోతే, వార్నిష్ వేయనివైతే, లోపలి నుంచి బొటనవేళ్లతో ఇంకా నెట్టి, గిన్నె ఆకారం తెచ్చి ఫెవికాల్ పూయండి. నా మొదటి విడతలో అలా మిగిలిన రెండింటిలో ఇప్పుడు పిన్నీసులు, చొక్కా గుండీలు వేసుకుంటున్నాను.