అచ్చుకు పంపిన పత్రికలో అక్షరాలు మారిపోతే

ప్రశ్న: మా అమ్మాయి పెండ్లి పత్రికను వర్డ్‌లో కూర్చి తిరుపతిలోని ఒక ప్రెస్సుకు పంపాను. పైనున్న శ్లోకం పాత డీటీపీ ఫాంటులోను, తక్కినదంతా మండలి ఫాంటులోను ఉంది. అక్కడ తెరిస్తే శ్లోకం ఉండవలసిన చోట ఇంగ్లీషు అక్షరాలు, ఏవేవో గుర్తులు వచ్చాయట. మిగిలినది తెలుగులోనే ఉన్నా, ముహూర్తం వరుస రెండవ పుటలోకి జారిందట. ఫైలు చెడిపోయినట్లేనా?
– ఒక పాఠకుడు, చిత్తూరు

జవాబు: ఫైలు చెడలేదు. మీ రెండు ఫాంట్లూ ప్రెస్సువారి కంప్యూటరులో లేకపోవడంతో వర్డ్ వాటి బదులు తనకు దొరికినవాటిని వాడింది. మండలి యూనికోడ్ ఫాంటు. ప్రతి అక్షరానికీ ఒక సంఖ్యను కేటాయించే పద్ధతి యూనికోడ్. అందులో ‘క’కు 3093 అనే సంఖ్య ఎప్పుడూ ఒక్కటే కనుక, విండోస్‌తో వచ్చే నిర్మలా యూఐ వంటి మరో ఫాంటు వచ్చి చేరినా ‘క’ ‘క’గానే ఉంటుంది, కాని అక్షరాల వెడల్పు, వత్తులకు కావలసిన ఎత్తు వేరు కావడంవల్ల వరుసలు కదులుతాయి. మీ ముహూర్తం జారింది అందుకే. మండలి ఉచితంగా దొరుకుతుంది. ప్రెస్సువారు దానిని ఇన్‌స్టాల్ చేసుకుంటే చాలావరకు సర్దుకుంటుంది.

శ్లోకం సంగతి వేరు. అను వంటి పాత డీటీపీ ఫాంట్లలో ఫైలులో దాగి ఉండేది తెలుగు కాదు, ఇంగ్లీషు అక్షరాల, గుర్తుల సంఖ్యలే. వాటికి తెలుగు రూపు తొడిగేది ఆ ఫాంటు ఒక్కటే. అది లేనిచోట ఏ తెలుగు ఫాంటు మార్చి చూసినా ‘శ్రీ’ తిరిగి రాదు. ఫాంటు పేరు చూపే పెట్టెలో పాత పేరే కనబడుతుండడం ఇందులోని పెద్ద మోసం. నిజం తెలియాలంటే వర్డ్ ఆప్షన్స్‌లోని అడ్వాన్స్‌డ్ విభాగంలో ‘ఫాంట్ సబ్‌స్టిట్యూషన్’ నొక్కి, లేని ఫాంట్ల జాబితా చూడాలి. శ్లోకాన్ని కన్వర్టరుతో యూనికోడ్‌లోకి మార్చవచ్చు గాని, వత్తులు తారుమారయ్యే ప్రమాదం ఉన్నందున, నాలుగు పాదాలే కనుక మళ్లీ టైపు చేయడమే మేలని నా అభిప్రాయం.

అచ్చుకు మాత్రం పీడీఎఫ్ పంపండి. దాని ప్రాపర్టీస్‌లోని ఫాంట్స్ పుటలో ప్రతి పేరు పక్కన ‘ఎంబెడెడ్’ లేదా ‘ఎంబెడెడ్ సబ్‌సెట్’ అని ఉండాలి. ఎంబెడెడ్ అంటే ఫాంటు పీడీఎఫ్ లోపలే చేరి ఉందని అర్థం. సబ్‌సెట్ అంటే వాడిన అక్షర రూపాలే లోపల ఉన్నాయని అర్థం. చివరి నిమిషంలో వియ్యంకుల ఇంటిపేరు దిద్దవలసి వస్తే కొత్త అక్షరం అందులో దొరకకపోవచ్చు. కాబట్టి వర్డ్ ఫైలును దగ్గర ఉంచుకొని, దిద్దుబాటు అందులోనే చేసి, పీడీఎఫ్‌ను మళ్లీ తయారుచేయండి.