గోడ మీద గెంతే నల్లచారల సాలెపురుగు ఏది?

ట్యూబ్‌లైటు పక్కన గోడ మీద గెంతుతూ మీకు కనబడిన ఆ చారల సాలెపురుగు బహుశా ప్లెక్సిప్పస్ పేకుల్లి అయ్యుంటుంది. మగదైతే సులువుగా గుర్తుపట్టొచ్చు: ఒళ్లు నల్లగా, తల నుంచి వెనకదాకా నడిమధ్యన ఒక తెల్లటి పట్టీ, అంచుల్లోనూ తెలుపే, వెనక చివర్లో రెండు తెల్ల చుక్కలు. ఆడది గోధుమరంగులో ఉంటుంది, కాస్త పెద్దది, అయినా మహా అయితే 12 మిల్లీమీటర్లు.

వేడి ప్రాంతాల దేశాల్లో ఇళ్ల గోడలే దీని చోటు, నిమ్మజాతి తోటల్లో, పత్తి చేలల్లో కూడా ఉంటుంది. గూడు అల్లి అందులో కాచుకుని కూర్చోదు, లైటుకి వచ్చిన పురుగు వెనకాలే పిల్లిలా నక్కి నక్కి వెళ్లి, ముందు ఒక దారం గోడకి అంటించుకుని అప్పుడు దూకుతుంది. వేలు దగ్గరగా పెట్టి చూడండి, ముందున్న రెండు పెద్ద కళ్లతో మీ వైపే తిరుగుతుంది. దయచేసి చీపురుతో కొట్టకండి, దాంతో మనకేం ప్రమాదం లేదు.