భాండాగారాన్ని తగలబెట్టిన అమ్మాయికి

కడప

చిరంజీవికి ఆశీస్సులు.

నీ కథ చేరింది. మేఘాల మీద తేలే రాజ్యం, అందులో ఏడంతస్తుల గ్రంథ భాండాగారం, దాన్ని కాపాడే ముసలి భాండాగారి, ఆయన చెయ్యెత్తితే అరలోంచి ఎగిరివచ్చే గ్రంథాలు. పడుకోబోయే ముందు ఆయన ప్రతి కట్ట ముడినీ వేళ్లతో తడిమి చూసుకుంటాడని రాశావే, ఆ వాక్యం బాగుంది. చివరికొచ్చేసరికి మాంత్రికుడు దిగి అంతా తగలబెట్టాడు. నాకు ఒళ్లు మండింది.

ఎందుకమ్మా అందరూ తగలబెడతారు? ఈ మధ్య నా దగ్గరికి వచ్చే మాయాలోకపు కథల్లో గ్రంథాలయం కనబడితే చాలు, ఎక్కడో అగ్గిపెట్టె దాచి ఉందని తెలిసిపోతుంది. మంట రచయితకు సుఖం. ఒక్క రాత్రిలో పని అయిపోతుంది, పాపమంతా మాంత్రికుడి నెత్తిన పడుతుంది, భాండాగారి కన్నీళ్లు పెట్టుకుంటే సరిపోతుంది. మన సీమలో నేను చూసిన రాతలు అలా పోలేదు. చెదలు తిన్నాయి. మిద్దె కారింది. అన్నదమ్ములు ఆస్తి పంచుకున్నప్పుడు ఎవరికీ అక్కర్లేని కట్ట పశువుల కొట్టంలోకి పోయింది.

జమ్మలమడుగు దగ్గర ఒక ఊళ్లో, ఊరి భూముల లెక్కలు రాసిన పాత కరణాల ఇంట్లో, నేనొక కవిలె కట్ట, అంటే తాటాకు లెక్కల కట్ట, చూశాను. పైనా కిందా చెక్క పలకలు నున్నగా ఉన్నాయి, దారం బిగువుగా ఉంది. విప్పితే లోపల మట్టి. పలకలను ముట్టకుండా చెద ఆకులన్నీ తినేసి, ఆ ఖాళీని మట్టితో నింపి పోయింది. పక్క కట్టలో ఆకులు బాగానే ఉన్నాయి గానీ వాటి మీద ఏమీ కనబడలేదు. ఇంటి పెద్దాయన కాస్త మసిలో ఆకుపసరు కలిపి ఒక ఆకు మీద రుద్ది, గుడ్డతో తుడిచాడు. గంటపు ఇనుప మొన గీసిన గాట్లలో నలుపు నిలిచి, పొలం హద్దులు వరసకు వరస తేలి వచ్చాయి. నీ రాజ్యంలో ఇలాంటి మాయ ఒక్కటీ లేదు.

అసలు నీ భాండాగారికి పనేమిటి? తాటాకు శాశ్వతం కాదు. నిమ్మగడ్డి నూనె రాయాలి, ఎండకు పెళుసెక్కుతున్నవాటిని కొత్త ఆకుల మీదికి ఎత్తి రాయించాలి. రాసేవాడికి కూలి ఇవ్వాలి. అన్నిటికీ ఖజానా చాలదు కాబట్టి దేన్ని రాయించాలో, దేన్ని వదిలేయాలో ఆయనే తేల్చుకోవాలి. వదిలేసింది పోతుంది. అంత అధికారం మీ మాంత్రికుడికి కూడా లేదు. ఈ ఒక్క మాట చెప్పడానికే ఇంత ఉత్తరం రాస్తున్నాను.

తెలుగు నిఘంటువు కూర్చిన సి.పి. బ్రౌను బంగళా ఉన్న చోట ఇప్పుడున్న గ్రంథాలయానికి ఎప్పుడైనా వెళ్లావా? 1820లో కడపకు వచ్చిన ఆ దొర, తర్వాతి కాలంలో ఇక్కడ పండితులను జీతాలిచ్చి పెట్టుకుని, ఒకే కావ్యానికి దొరికినన్ని ప్రతులు తెప్పించి, పక్కపక్కన పెట్టి పోల్చి చూడమన్నాడు. ప్రతికీ ప్రతికీ పొంతన ఉండదు. ఒకదానిలో ఉన్న పద్యం మరోదానిలో కనబడదు. నీ భాండాగారంలో ప్రతి గ్రంథానికీ ఒకటే ప్రతి, అందులో ఉన్నదంతా నిజం! రాణిగారి వంశావళికి రెండు ప్రతులు పెట్టు, రెండూ కలవకూడదు. అప్పుడు ముసలాయనకు నిద్ర ఎలా పడుతుందో నేనూ చూస్తాను.

ఇంకొకటి. నీ కథలో జనం అడిగిందే తడవుగా ఇంట్లోని పత్రాలన్నీ తెచ్చి ఇచ్చేస్తారు. నవ్వొచ్చింది. కుంపిణీ సర్వే అధికారి మెకంజీ దొర మనుషులు కైఫీయతులు, అంటే ఊళ్ల చరిత్రలు, రాసుకోవడానికి ఊరూరా తిరిగినప్పుడు, సంగతులు చెప్పాలంటే కరణం దండకవిలె, అంటే తన దగ్గరున్న ఊరి దస్తరం, తీయాలి. అందులో ఊరి మాన్యాల, అంటే పన్ను మినహాయించిన భూముల, లెక్కలుంటాయి. దొరతనం వారి ముందు ఎంత విప్పాలి, ఎంత మూసిపెట్టాలి అని ఏ కరణం ఆలోచించడు? 1984లో కరణాల వ్యవస్థ రద్దయ్యేదాకా పొలం తగాదా వస్తే ఊళ్లో అందరూ పోయింది ఆయన గడపకే.

మంట మీద నాకు పాత పగ ఉంది. నా తొలి నవలలో ఒక గుడి లెక్కల పుస్తకాలు వానకు తడిసి ముద్దయిపోతాయి. ఒక వారపత్రిక సంపాదకుడు (పేరెందుకు, ఆయనకు ఇప్పటికీ సన్మానాలు జరుగుతున్నాయి) "వాన చాలదు, మంట పెట్టండి, బొమ్మ వేయడానికి బాగుంటుంది" అన్నాడు. పెట్టనన్నాను. సీరియల్ రాలేదు. అప్పట్లో నేను నాపరాళ్ల పాలిషింగ్ ఫ్యాక్టరీలో గుమాస్తాను, పాత బిల్లుల వెనక నవల రాసుకునేవాణ్ణి. ఆ డబ్బు వచ్చి ఉంటే కిరాణా బాకీ తీరేది. నా వాన స్థానంలో ఆయన దెయ్యాల సీరియల్ వేశాడు, అది రెండేళ్లు నడిచింది.

పోటీకి పంపాలా, పాత్రల పేర్లు సంస్కృతంలో ఉండాలా అని ఏవేవో అడిగావు. అవి తర్వాత చూద్దాం.

ముందు మాంత్రికుణ్ణి తీసేయ్. మిద్దె కారనీ. ముసలాయన దగ్గర ఒక్క కట్టకు సరిపడా కొత్త ఆకులే ఉండనీ. తడుస్తున్నవి రెండు: రాణిగారి వంశావళి, ఎవరో పేదరైతు పొలం హద్దులు. ఆయన దేన్ని ఎత్తి రాస్తాడో రాసి పంపు. ఫోనులో పంపితే నా కళ్లకు ఆనదు, కాగితం మీద అచ్చు తీయించు. వరసల మధ్య బాగా ఖాళీ వదులు, నా ఎర్ర సిరాకు చోటు కావాలి.